పెదవి చెప్పిన వైపు

ఫిల్ము ముక్కకు బొమ్మ ఏ వైపున ఉందో కంటిని నమ్ముకుంటే తెలియదు. కొత్త ఫిల్ము పట్టపగటి వెలుతురులో ఒకవైపు నిగనిగలాడుతుంది, ఒకవైపు కాస్త మసకగా ఉంటుంది గానీ, గుడ్డి వెలుతురులో కూర్చుని పనిచేసేవాళ్లకు ఆ తేడా చిక్కదు. పాతదైతే ఇక చెప్పనే అక్కర్లేదు, రెండు వైపులూ ఒకేలా మాసిపోయి ఉంటాయి. అంచును తడి పెదవికి ఆనించాలి. బొమ్మ ఉన్న వైపు చిటుక్కున అంటుకుంటుంది, లేని వైపు జారిపోతుంది. ఫిల్ము ముక్కలు జతచేసే పనిలో నేను నేర్చుకున్న మొదటి పాఠం ఇదే. నాకు నేర్పినాయన లాంటి పనివాణ్ణి తర్వాత ఎన్ని ఊళ్లు తిరిగినా మళ్లీ చూడలేదు.

అందరం ఆయన్ను ఉస్తాద్ అనేవాళ్లం. అప్పటికే అరవై దాటిన మనిషి. ఇస్త్రీ నలగని లాల్చీ, పైజామా వేసుకుని జహనుమా నుంచి సైకిల్ మీద లాల్‌దర్వాజా మీదుగా అఫ్జల్‌గంజ్ ఆఫీసుకు వచ్చేవారు. ఆ దారిలోనే నన్ను చూశారు. మాది లాల్‌దర్వాజాలో తాతల నాటి నుంచి గుడికి పూలు కట్టే ఇల్లు. మా నాన్న ఒక్కడే ఆ పని వదిలి ఆఫీసు గుమాస్తా అయ్యాడు. నేను మెట్రిక్ పాసై, ఏం చెయ్యాలో తోచక, అరుగు మీద కూర్చుని మల్లెలు కడుతూ ఎదురింటావిడతో వాదన పెట్టుకుని ఉన్నాను. చేతుల వైపు ఒక్కసారి కూడా చూడకుండా దండ అల్లుతున్నానని ఆయన సైకిల్ ఆపి చూశారట. మర్నాడు మా నాన్న దగ్గరికొచ్చి అడిగారు.

"సాబ్, మీ బిడ్డ వేళ్లు మంచిగున్నయ్. చెమట గూడ పట్టయ్. మా కాడ పనికి పంపియ్యిరి. నా కూతురి లెక్క సూసుకుంట."

"వేళ్లు మంచిగున్నయ్ గని నోరు మంచిగ లేదు. తట్టుకుంటరా?" అన్నాడు మా నాన్న. సొంత తండ్రి!

"ఫిల్ముకు చెవులు లేవు సాబ్," అన్నారు ఉస్తాద్.

అట్లా చేరాను. కంపెనీ చిన్నది. పండుగలు, పంటలు, వంతెనలు, ఇట్లాంటివాటి మీద చిన్న చిన్న చిత్రాలు తీసి, టాకీసుల్లో అసలు బొమ్మకు ముందు వేయడానికి ఇచ్చేది. అఫ్జల్‌గంజ్‌లో కిరాణా గోదాముల మీద, పై అంతస్తులో ఆఫీసు. కింద నుంచి మిరపకాయల ఘాటు, పైన డబ్బాల్లోంచి పాత ఫిల్ము వాసన. ఆ రోజుల్లో ఫిల్ము అంటే తుపాకి మందుకు తోడబుట్టినది, నిప్పురవ్వ పడితే నీళ్లు పోసినా ఆరదు. అందుకే ఉస్తాద్‌కు బీడీ తాగాలనిపిస్తే మెట్లన్నీ దిగి, రోడ్డు దాటి, మూసీ గట్టున నిలబడి తాగి వచ్చేవారు. వచ్చాక సబ్బుతో చేతులు కడుక్కుంటే గానీ బల్ల దగ్గర కూర్చునేవారు కాదు. ఎండైనా వానైనా అంతే.

ఆయన జోడు వేయడం, అంటే రెండు ముక్కలను అతికించడం, చూస్తుంటే నాకు ఒళ్లు పులకరించేది, నిజంగా. మామూలుగా ఎవరైనా ఒక ముక్క అంచునే బ్లేడుతో గీకి, మసాలా అని మేం పిలిచే జిగురు రాసి, రెండోదాన్ని దాని మీద అద్దుతారు. ఈయన రెండు ముక్కలనూ, రెండు వైపులా గీకేవారు. అంత అవసరం ఎవరికీ లేదు. "ఎందుకు ఉస్తాద్ ఈ చాదస్తం?" అని అడిగాను ఒకసారి. "బేటీ, టాకీసుల బొమ్మ తెగితే జనం లొల్లి చేస్తరు, మిషన్ తిప్పెటోణ్ణి తిడ్తరు. ఆ పేదోడు ఏం తప్పు చేసిండు?" అన్నారు. పట్నంలో ఏ టాకీసులోనూ ఆయన జోడు ఊడిందన్న మాట లేదు. ఆ సంగతి ఆయనకూ తెలుసు. మెచ్చుకుంటే మీసాల కింద నవ్వు దాచుకునేవారు గానీ, కాదని మాత్రం అనేవారు కాదు.

రంజాన్ నెల వచ్చిందంటే ఒక్క పని ఆయన చేసేవారు కాదు. పెదవి పెట్టడం. రోజా ఉన్న మనిషి నోటికి ఏదీ ఆనించకూడదు, పైగా పొద్దంతా నీళ్లు లేక పెదవులు ఎండిపోయి ఉంటాయి, ఫిల్ము అంటుకోదు. కాబట్టి ఆ నెలంతా పెదవి పని నాది. "ఈ నెల నువ్వే నా నోరు," అనేవారు. ఉన్న నోరు చాలనట్టు!

ఇక మా మేనత్త సంగతి చెప్పాలి. అదంతా ఒక రీలు వల్లే వచ్చిన కథ.

మా అమ్మ నా చిన్నప్పుడే పోతే నన్ను పెంచింది మేనత్తే. పెళ్లయి పక్క గల్లీకే వెళ్లింది. మామ రైల్వేలో పని, నెలలో సగం రోజులు బండి మీదే. అందుకని ఆమె కాపురం సగం మా ఇంట్లోనే నడిచేది. చెయ్యి తిరిగిన వంట, గలగలమనే మాట, మంచి మనిషి. అయితే ఎడమ చెయ్యి మాత్రం ఎప్పుడూ కొంగులో చుట్టుకుని ఉండేది. చలికాలం కాదు, దెబ్బ తగిలి కాదు. పిండి కలపాలన్నా, బియ్యం ఏరాలన్నా, నా జడ అల్లాలన్నా కుడి చెయ్యి ముందు, ఎడమ చెయ్యి దొంగలాగా వెనక. నేను పసితనంలో ఆ చేతికి ఏదో రోగమనుకునేదాన్ని.

రోగం కాదు. ఆమెది పుట్టుకతో ఎడమచేతి వాటం. చిన్నప్పుడు మా నాయనమ్మ ఆ చేతికి గుడ్డ కట్టి మరీ మాన్పించిందట. మా గల్లీలో చిన్న అమ్మవారి గుడి ఉంది. ఆషాఢంలో బోనాలప్పుడు ఆ గుడికి మొదటి బోనం మా ఇంటి ఆడపిల్లది. పూలు కట్టే ఇంటికి తరతరాలుగా ఉన్న మర్యాద అది. మేనత్తకు పదహారేళ్లప్పుడు ఆమె వంతు వచ్చింది. నెత్తిన బోనం పెట్టుకుని వెళ్లి, దించి, అమ్మవారి ముందు సాక పోసింది. సాక అంటే పసుపు, బెల్లం, వేపాకు కలిపిన నీళ్లు, చెంబుతో నేల మీద ధారగా పోస్తారు. సరిగ్గా ఆ ఏడే ఎవరో కెమెరా పట్టుకొచ్చి బోనాలను ఫిల్ము తీసి పట్టుకుపోయారు.

కొన్ని నెలల తర్వాత ఆ రీలు ఒక టాకీసులో వేశారు. మాటలు లేని రీలు. మా గల్లీ తెర మీద కనిపిస్తుందట అంటే ఇక ఆగుతారా? ముసలీ ముతకా అందరూ బండ్లు కట్టించుకుని పోయారు. ఈడొచ్చిన పిల్లను టాకీసుకు పంపేది లేదని మేనత్తను మాత్రం ఇంట్లో ఉంచారు. పోయినవాళ్లు తిరిగొచ్చి ఒకటే మాట చెప్పారు. పిల్ల ఎడమచేత్తో సాక పోసింది.

"నేను కుడిచేత్తోనే పోసిన!" అని మేనత్త మొత్తుకుంది. ఎవరు వింటారు? వాటం ఎడమదని గల్లీ అంతా ఎరిగిన సంగతే కదా. "మేము కండ్లార చూసినం. మనుషులు అబద్ధమాడుతరు గని బొమ్మ అబద్ధమాడుతదా?" అన్నారు. గుడి అయ్యగారు కూడా అదే మాట. ఎవరూ తిట్టలేదు, కొట్టలేదు. మరుసటి ఏడు మొదటి బోనానికి మా ఇంటికి పిలుపు రాలేదు, అంతే. వేరే ఇంటి పిల్ల ఎత్తింది. అప్పటి నుంచి మేనత్త బోనం ముట్టలేదు, ఎడమ చెయ్యి కొంగులోంచి తీయలేదు.

నాకు కడుపు రగిలిపోయేది ఇందుకు కూడా కాదు. కొన్నేళ్లు కొట్లాడాక ఆమె తనను తానే నమ్మడం మానేసింది. నేను అడిగితే, "ఏమో బిడ్డా. డప్పులు మోగుతుండె, నెత్తి మీద బరువు, కండ్లల్ల చెమట. ఏ చెయ్యి లేసిందో నాకే ఎర్కలేదు. అంతమంది చూసిన్రు గద," అనేది. అట్లా అన్నప్పుడు ఆమెను పట్టుకుని కుదపాలనిపించేది.

అసలు విషయానికొస్తా. ఒక ఏడు మా కంపెనీవాళ్లు పట్నం పండుగల మీద చిత్రం తీయాలనుకున్నారు. కొత్తగా తీసినవాటి మధ్య పాత దృశ్యాలు కొన్ని కలపాలన్నారు. పాత దృశ్యాలు ఎక్కడ దొరుకుతాయి? మా ఆఫీసు వీధిలోనే, తుక్కు వ్యాపారి గోదాములో. ఎప్పుడో మూతబడిన ఫిల్ము కంపెనీల డబ్బాలన్నీ ఆయన దగ్గరికే చేరేవి. ఆయన వాటిని మరిగించి, పైనున్న వెండి తీసుకుని, మిగిలిన పారదర్శకపు పట్టీని గాజులు, దువ్వెనలు చేసేవాళ్లకు అమ్మేవాడు. ఎవరి పెళ్లి ఊరేగింపు ఎవరి చేతికి గాజైందో ఆ దేవుడికే తెలియాలి.

ఉస్తాద్, నేను వెళ్లి ఆ డబ్బాల గుట్టల ముందు కూర్చునేవాళ్లం. మూత తీసి, వాసన చూసి, చెడిపోయినది పక్కకు, పనికొచ్చేది ఇటు. ఆయన ఏ రీలునూ విసిరేవారు కాదు. పొడిపొడిగా రాలిపోతున్నదాన్ని కూడా మూత పెట్టి నెమ్మదిగా పక్కన పెట్టేవారు. "పోయినదాన్ని గూడ ఇజ్జత్‌తోని పెట్టాలె బేటీ. దీంట్ల మనుషులున్నరు," అనేవారు. వ్యాపారి నవ్వేవాడు. నాకూ మొదట్లో నవ్వొచ్చేది, తర్వాత తర్వాత నాకు తెలియకుండానే నేనూ అట్లాగే పెట్టడం మొదలుపెట్టాను.

అక్కడి నుంచి తెచ్చుకున్న డబ్బాల్లో పేరు చెరిగిపోయినది ఒకటి ఉంది. రంజాన్ నెల, మండే ఎండలు. ఉస్తాద్ రీలు చుట్టే చక్రం మెల్లగా తిప్పుతున్నారు, నేను జోడు వచ్చినచోటల్లా ముక్క అంచును పెదవికి ఆనించి చెబుతున్నాను. అంటింది. అంటింది. అంటింది. ఒక జోడు దాటగానే జారింది.

"ఉస్తాద్, ఇది జారుతుంది."

"సరిగ సూడు."

మళ్లీ చూశాను. జారింది. ఆ ముక్కను కింద బల్బు ఉన్న గాజు బల్ల మీద పరిచి, భూతద్దం పెట్టి వంగాను. గుడి గడప. పక్కన వేపచెట్టు. విరిగిన మెట్టు. ఆ మెట్టు మీద నేను ఎన్నిసార్లు మోకాళ్లు కొట్టుకున్నానో! మా గుడి. గడప ముందు, చీర కట్టుకుని, చెంబు వంచుతున్న ఒక పిల్ల. ఎడమచేత్తో.

పెదవి మీద జారిన సంగతి మరిచేపోయాను. ఇన్నేళ్లూ మేనత్త తరఫున గల్లీ అందరితో వాదించినదాన్ని. నిజమేనన్నమాట. ఆ రీలును తీసుకుపోయి తుక్కు వ్యాపారి బాణలిలో నా చేత్తో నేనే వేసేద్దామనిపించింది. ఎవరి గాజైనా అయిపోనీ.

"ఏమైంది బేటీ?" అన్నారు ఉస్తాద్.

చెప్పాను. ఆ పిల్ల ఎవరో, ఆ రీలు ఏం చేసిందో, ఆ చెయ్యి కొంగులోకి ఎందుకు పోయిందో, ఏడుస్తూ, తిడుతూ, గబగబా అంతా చెప్పాను. చెబుతూనే మళ్లీ భూతద్దంలోకి చూశాను. మేనత్త పక్కన హారతి పళ్లెం పట్టుకుని, చొక్కా లేకుండా, అప్పటికింకా పడుచువాడైన అయ్యగారు నిలబడి ఉన్నారు. ఆయన జంజం కుడి భుజం మీద ఉంది.

జంజం ఎడమ భుజం మీద ఉంటుంది. కుడి భుజానికి మారేది తద్దినాలప్పుడే. అమ్మవారి ముందు, పండుగపూట, హారతి పట్టుకున్న పూజారి తద్దినం పెట్టేవాడిలాగా ఎందుకు నిలబడతాడు? గుడికి పూలు కట్టే ఇంట్లో పుట్టినదాన్ని, ఆ మాత్రం తెలియదా? గల్లీ అంతా ఆ రీలు చూసింది. అందరూ పిల్ల చెయ్యే చూశారు. పక్కనున్న మగాయన భుజం ఒక్కరూ చూడలేదు.

నేనింకా నోరు తెరిచి ఉండగానే ఉస్తాద్ ఆ ముక్కను ఎత్తి, బోర్లా తిప్పి, గాజు మీద పెట్టారు. చెంబు కుడిచేతిలోకి వచ్చింది. జంజం ఎడమ భుజం మీదకి వచ్చింది. పైట కూడా ఉండాల్సిన భుజం మీదకి వచ్చింది.

"ఉల్టా జోడిచ్చిన్రు," అన్నారు.

నేను కుర్చీలోంచి ఎగిరి లేచాను. ఎవడా ముదనష్టపు చేతులవాడు, కళ్లు నెత్తికెక్కాయా, వాడి చెయ్యి పడిపోను, నాకు తెలిసిన తిట్లన్నీ ఒకదాని వెనక ఒకటి. ఉస్తాద్ విన్నారు. అన్నీ అయిపోయేదాకా విన్నారు. తర్వాత ఆ జోడును వేలి కొసతో తడిమి, నా వేలు పట్టుకుని దాని మీద పెట్టారు. రెండు ముక్కలు, రెండు వైపులా గీకి ఉన్నాయి.

అట్లా గీకే మనిషి పట్నంలో ఒక్కరే.

"ఇంకొకలది అయితే ఎప్పుడో ఊడుతుండె బేటీ," అన్నారు. "బొమ్మ వైపు బొమ్మ వైపుకు ఆనితే మసాలా పట్టదు. మిషన్ల పెట్టంగనే తెగుతుండె, తప్పు తెలుస్తుండె. నేను రెండు దిక్కుల గీకిన గాబట్టి నిలిచింది. ఇన్నేండ్లు నిలిచింది."

కాసేపటికి ఆయనే గుర్తు తెచ్చుకున్నారు. ఆ పాత కంపెనీలో పని. రంజాన్ నెల. రీలు టాకీసుకు తొందరగా పంపాలన్నారు. అప్పుడు పెదవి పెట్టడానికి పక్కన ఎవరూ లేరు. గోటితో గీరి చూసి, ఇదే వైపు అనుకుని జోడు వేశారు. "పంపేటప్పుడు ఒకసారి తిప్పి సూసిన. నాకేం తెలుస్తది బేటీ? సాక ఏ చేత్తోని పోస్తరో, జంజం ఏ దిక్కుంటదో నాకు ఎర్కలేదు. పిల్ల మంచిగ కనవడ్డది, బొమ్మ జర మసక వడ్డది, గంతే అనుకున్న."

ఆ గదిలో ఉన్నది మేమిద్దరమే. ఆయన చెప్పకపోతే ఆ జోడు ఎవరిదో నేనైనా ఎన్నటికీ కనిపెట్టేదాన్ని కాదేమో, అంత కోపంలో ఉన్నాను. అందుకే అన్నాను, "ఉస్తాద్, ఎవలో జోడిచ్చిన్రని చెప్త. మీ పేరెందుకు?"

"జోడు మంచిగున్నప్పుడు నాది అని చెప్పుకుంటి గద," అన్నారు. "మీ అత్తమ్మను తోలుకరా. మీ అయ్యగారిని గూడ. నువ్వు మాత్రం ముందుగాల ఏం చెప్పకు. నేను చెప్పాలె."

అయ్యగారిని కదిలించడం సులువైంది. "అయ్యగారూ, ఆ పాత రీలు దొరికింది. అండ్ల మీ జంజం కుడి భుజం మీదుంది," అన్నాను.

"ఏందే పిల్లా! నోటికి అడ్డు ఆపు లేదా? అమ్మవారి ముంగట నేను జంజం మార్చుకుంటనా?"

"బొమ్మ అబద్ధమాడుతదా అయ్యగారూ?"

ఆయన మొహం చూడాల్సింది. నాకన్నా ముందే రిక్షా ఎక్కి కూర్చున్నారు.

మేనత్తతోనే కష్టమైంది. రీలు దొరికిందనగానే చేతిలో గరిటె అట్లాగే ఉండిపోయింది. "నాకొద్దు బిడ్డా. ఇన్నేండ్లకు మల్ల ఎందుకు?" అంది. మధ్యాహ్నమంతా వంటింట్లోంచి బయటికి రాలేదు. తర్వాత తనే వచ్చి, "నేను ఒక్కసారి గూడ సూడలే గద దాన్ని. ఊరంత చూసింది, నేనే సూడలే. నా కండ్లతోని సూస్తే ఇగ ఏ ఫికర్ ఉండది. వస్త," అంది. పెట్టెలోంచి మంచి చీర తీసి కట్టుకుంది. ఎడమ చెయ్యి కొంగులో చుట్టుకుంది.

ఆఫీసులో బొమ్మ వేసి చూసుకునే చిన్న గది ఉండేది. కిటికీలకు నల్ల గుడ్డలు కట్టి, గోడకు తెల్ల గుడ్డ కట్టాము. పగటిపూటే, బయట అఫ్జల్‌గంజ్ బండ్ల మోత. ఉస్తాద్ రోజాలో ఉన్నారు, పెదవులు తెల్లబడిపోయాయి. మేనత్తకు చేతులు జోడించి, "బెహన్, మొదలు ఉన్నది ఉన్నట్టు సూపిస్త," అని మిషన్ తిప్పారు.

తెర మీద గుడి గడప. పిల్ల వచ్చింది. చెంబు వంచింది. ఎడమచేత్తో.

మేనత్త ఊపిరి వదిలిన చప్పుడు నాకు వినిపించింది. "నిజమే," అంది మెల్లగా. "అందరు నిజమే చెప్పిన్రు. నేనే అబద్ధాలకోరును." కొంగులో ఉన్న చేతిని ఇంకొంచెం లోపలికి లాక్కుంది. నాకు అరవాలనిపించింది. ఉస్తాద్‌కు ఇచ్చిన మాట గుర్తొచ్చి పెదవి కొరుక్కుని కూర్చున్నాను. నా జన్మలో నోరు మూసుకుని అంత బాధపడింది అప్పుడే.

ఉస్తాద్ లైటు వేసి, రీలు విప్పి, బల్ల మీదకు తెచ్చారు. "అందరు ఇటు రండ్రి," అన్నారు. కత్తెరతో ఆ జోడును కోశారు. ఇరవై ఏళ్లుగా ఊడని జోడు. రెండు కొసలూ గీకారు. ముక్కను నా ముందు పెట్టి, "బేటీ, నేను రోజాలున్న. నీ పెదవి పెట్టి చెప్పు. బొమ్మ ఏ దిక్కున్నది?" అన్నారు.

పెట్టాను. జారింది. తిప్పి పెట్టాను. అంటుకుంది. "ఈ దిక్కు," అన్నాను.

"ఆ దినం గీ పని నేను చెయ్యలే," అన్నారు ఆయన మేనత్త వైపు తిరిగి. మసాలా రాసి, ముక్కను సరైన వైపు పెట్టి, వేలితో అదిమి పట్టుకున్నారు. అట్లా పట్టుకునే చెప్పారు. "బెహన్, బొమ్మ అబద్ధమాడింది. ఆడిచ్చింది నేను. ఉల్టా జోడిచ్చిన. నా గలతీ. ఇన్నేండ్లు నీ చెయ్యి మీద పడ్డది. నేను ఆరామ్‌గ మంచి పనివాణ్ణని తిరిగిన." మా అందరి ముందు, తన పేరు మీద తానే మన్ను పోసుకుంటూ కూడా, జోడు ఆరేదాకా వేలు తీయలేదు ఆయన. ఆ మనిషిని తలుచుకున్నప్పుడల్లా నాకు ముందు గుర్తొచ్చేది ఆ వేలే.

మళ్లీ మిషన్ తిప్పారు. గుడి గడప. పిల్ల వచ్చింది. అయ్యగారి జంజం ఎడమ భుజం మీద ఉంది. పిల్ల చెంబు వంచింది. కుడిచేత్తో. పసుపు నీళ్ల ధార నేల మీద పడింది, బొమ్మ అయిపోయింది.

అయ్యగారు ముక్కు చీదుకున్నారు. "నేను పక్కనే ఉన్న తల్లీ," అన్నారు. "హారతి ఇస్తుంటి, నా సూపు అమ్మవారి మీదుండె. నువ్వు ఏ చేత్తో పోసినవో నేను చూడలే. టాకీసుల సూసి, బొమ్మను నమ్మిన. ఈ ఆషాఢం మొదటి బోనం నువ్వే ఎత్తాలె."

"అది తర్వాత సూద్దాం అయ్యగారూ," అంది మేనత్త. ఆమె కన్ను తెర మీదనే ఉంది. అక్కడ ఇప్పుడు ఉట్టి తెల్ల గుడ్డ తప్ప ఏమీ లేదు. కళ్లు తుడుచుకుంది. ఎడమచేత్తో తుడుచుకుంది. ఆ చెయ్యి కొంగులోంచి ఎప్పుడు బయటికొచ్చిందో ఆమెకూ తెలియదు, నేను మాత్రం చూశాను.

ఉస్తాద్ ఇంకా తల వంచుకునే నిలబడి ఉన్నారు. "మాఫ్ చెయ్యి బెహన్," అన్నారు.

"భాయ్, ఇంకొక్కపారి తిప్పుతవా?" అంది మేనత్త.

"ఇంక నమ్మకం కుదరలేదా అత్తమ్మా?" అన్నాను నేను.

"గది కాదే పిల్లా. రెండుసార్లు చెయ్యే సూసిన. పదహారేండ్లప్పుడు ఎట్లుంటినో, నా మొఖం సూసుకోలే."

ఉస్తాద్ లాల్చీ చేతితో కళ్లద్దాలు తుడుచుకుని, రీలును వెనక్కి చుట్టడం మొదలుపెట్టారు.